రామదాసు గోడ

కొల్లేరు మధ్యనున్న కొల్లేటికోటకు నీరే గోడ. గోల్కొండ కోట ఎక్కే దారిలోని రామదాసు బందీఖానాకు రాతిగోడలతోపాటు చీకటీ కాపలాయే. నిజానికి సరుకుల కొట్టుగా కట్టిన గదట. వెలుతురు రావడానికి పైన చిన్న కన్నం.

భద్రాచలం గుడికి శిస్తు సొమ్ము వాడాడని తానీషా కాలంలో రామదాసును ఇక్కడే 12 ఏళ్లు బంధించారంటారు.

1906లో పూర్తయిన అండమాన్ సెల్యులార్ జైలులో ప్రతి వరుస గదులకూ ఎదుట కనిపించేది పక్క వరుస వీపే. ఖైదీకి ఖైదీ ముఖం కనబడకూడదని! ఇక్కడ రామదాసు గోడమీద సీతారామలక్ష్మణులను, హనుమంతుణ్ని చెక్కుకున్నాడట. తనకు కావలసిన ముఖాలు తానే తెచ్చుకున్నాడన్నమాట.

ఎండలోంచి వచ్చినవాళ్లకు ఆ బొమ్మలు వెంటనే ఆనవు. కళ్లు చీకటికి అలవాటు పడేదాకా కాసేపు నిలబడాలి.