ఆట మానకండి, చోటు మార్చుకోండి

మీకు నలభై దాటాయా? దాటితే ఈ వారం నా మాటలు కాస్త శ్రద్ధగా చదవండి. దాటకపోతే మీ ఇంట్లో దాటినవారు ఎవరో ఒకరు తప్పక వుంటారు. వారిని కూర్చోబెట్టి చదివి వినిపించండి.

నలభై దాటినవాళ్ళలో రెండు రకాలవారు నా దగ్గరికి వస్తుంటారు. మొదటి రకంవారు "నాకేమయింది? ఇప్పటికీ కుర్రవాడినే" అంటూ ఏడాదికొకసారి సంక్రాంతి పోటీల్లో బ్యాటు పట్టుకుని మైదానంలోకి దూకుతారు. రెండవ రకంవారు మోకాలు ఒకసారి కలుక్కుమనగానే "ఇంక మన పని అయిపోయింది" అని కుర్చీకి అంటుకుపోతారు. ఇద్దరిదీ ఒకటే పొరపాటు. వయసు వచ్చిందంటే ఆడడమో, మానడమో రెండే దారులని అనుకుంటారు. మూడవ దారి ఒకటి వుంది. అది మీకు సులభంగా అర్థం కావాలని ఒక క్రికెట్ ఆటగాడి కథ చెబుతాను.

అంబటి రాయుడు పేరు మీకు తెలిసిందే. 1985లో గుంటూరులో పుట్టిన మన తెలుగువాడు. 2018లో చెన్నై సూపర్ కింగ్స్ జట్టు తరఫున ఐ.పి.ఎల్.లో 16 మ్యాచిలు ఆడి 602 పరుగులు చేశాడు. అంత బాగా ఆడినవాడు కూడా ఆ జూన్‌లో దేశపు జట్టువారు పెట్టే యోయో పరీక్షలో తప్పాడు. ఇరవై మీటర్ల దూరం అటూ ఇటూ, అంతకంతకూ వేగం పెంచుకుంటూ పరుగెత్తే పరీక్ష అది. తప్పినందుకు ఇంగ్లండు ప్రయాణం ఆగిపోయింది. చేతి నేర్పు వేరు, గుండెకూ ఊపిరితిత్తులకూ వుండవలసిన దమ్ము వేరు అని దీనివల్ల తెలుస్తుంది. చేతి నేర్పు చాలాకాలం నిలుస్తుంది. దమ్ము మాత్రం రోజూ సంపాదించుకుంటేనే వుంటుంది. రాయుడు మళ్ళీ సిద్ధమై సెప్టెంబరులో జట్టులోకి తిరిగివచ్చాడు. ఆ నవంబరులో నాలుగైదు రోజులపాటు సాగే మ్యాచిలు మానుకుని, ఒక పూటలోనో ఒక రోజులోనో ముగిసే ఆటలకే పరిమితమయ్యాడు. బరువు కొంత దించుకున్నాడన్నమాట.

ఇక 2023 సీజను. రాయుడికి 37 ఏళ్ళు. ఐ.పి.ఎల్.లో అదే అతని చివరి సంవత్సరం. ఆ ఏడే ఆటలో కొత్త నియమం వచ్చింది. మ్యాచి మధ్యలో ఒక ఆటగాణ్ణి తప్పించి, మరొకరిని దింపవచ్చు. మార్చి 31న అహ్మదాబాదులో మొదటి మ్యాచిలో రాయుడు బ్యాటింగు ముగించాక, అతని స్థానంలో బౌలరు తుషార్ దేశ్‌పాండే వచ్చాడు. ఐ.పి.ఎల్. చరిత్రలో అటువంటి మార్పు అదే మొదటిది. అంటే తాను చేయగల పని చేసి, ఇరవై ఓవర్ల ఫీల్డింగు కుర్రవాళ్ళకు వదిలిపెట్టాడు. ఆ ఏడు అతను 16 మ్యాచిల్లో చేసినవి 158 పరుగులే. 2018లోనూ మ్యాచిలు పదహారే. 602 ఎక్కడ, 158 ఎక్కడ! లెక్క చూసినవారు "ముసలివాడైపోయాడు" అన్నా అనవచ్చు.

కానీ ఫైనల్ సంగతి చూడండి. మే 28న జరగవలసినది వానవల్ల 29వ తేదీకి వాయిదా పడింది. అదే అహ్మదాబాదు, మొదటి మ్యాచిలో తమను ఓడించిన గుజరాత్ టైటన్స్ జట్టే ఎదురుగా వుంది. అదే తన చివరి ఐ.పి.ఎల్. మ్యాచి అని రాయుడు ముందే ప్రకటించాడు. మళ్ళీ వాన పడి చెన్నైకి 15 ఓవర్లలో 171 పరుగుల లక్ష్యం పెట్టారు. పదమూడవ ఓవరులో రాయుడు వరుసగా ఒక సిక్సరు, ఒక ఫోరు, మరొక సిక్సరు కొట్టాడు. మూడు బంతుల్లో 16 పరుగులు! నాలుగవ బంతికి అవుటయ్యాడు. మొత్తం మీద 8 బంతుల్లో 19. చివరి రెండు బంతుల్లో జడేజా పది పరుగులు కొట్టి గెలిపించేసరికి అర్ధరాత్రి దాటి చాలాసేపయింది. కప్పు అందుకోవడానికి కెప్టెన్ ధోనీ, రాయుణ్ణీ జడేజానూ ముందుకు పంపాడు. మరునాడు ఉదయం మా ప్రొద్దుటూరు ఆసుపత్రిలో సగంమంది కళ్ళు ఎర్రగానే వున్నాయి!

ఆ ధోనీ సంగతీ చూడండి. అప్పటికి అతనికి 41 ఏళ్ళు. ఎడమ మోకాలు బాధపెడుతూనే వుంది. అయినా వికెట్ల వెనుక గొంతుకూర్చోవడం తప్పలేదు. అందుకని బ్యాటింగుకు బాగా చివరన వచ్చేవాడు. తనను ఎక్కువ పరుగెత్తించవద్దని జట్టువారితో బాహాటంగానే చెప్పాడు. సీజను మొత్తం మీద అతను ఎదుర్కొన్నవి 57 బంతులే, చేసినవి 104 పరుగులు. ఫైనల్ ముగిసిన రెండు రోజులకే, జూన్ 1న, ముంబయిలో మోకాలికి ఆపరేషను చేయించుకున్నాడు. తరువాత 2024, 2025 సీజన్లు కూడా ఆడాడు. నొప్పిని దాచిపెట్టి వీరుడనిపించుకోవాలని చూడలేదు. నొప్పికి తగ్గట్టు పనిని సర్దుకున్నాడు, వీలు దొరకగానే వైద్యం చేయించుకున్నాడు.

"వాళ్ళకేం సార్, వెంట డాక్టర్లు, మసాజు చేసేవాళ్ళు, మంచుగడ్డల తొట్లు వుంటాయి గదా! మాకేముండాయి?" అని పులివెందులలో ఒక రైతు నన్ను అడిగాడు. మంచి ప్రశ్నే. అందుకే వాళ్ళ సిక్సర్లను అనుకరించవద్దంటున్నాను. వాళ్ళు పనిని తగ్గించుకున్న తీరును అనుకరించండి. దానికి పైసా ఖర్చు లేదు.

అసలు శరీరంలో జరిగేదేమిటి? ముప్పై దాటినప్పటినుంచీ, వ్యాయామం లేనివారిలో కండ మెల్లమెల్లగా తరుగుతుంది. అరవై దాటాక ఇంకా వేగంగా తరుగుతుంది. కండను ఎముకకు కట్టివుంచే నరంలాంటి పట్టీ బిరుసెక్కుతుంది. గుండె కొట్టుకునే గరిష్ఠ వేగం కూడా తగ్గుతుంది. సుమారుగా 220 నుంచి మీ వయసు తీసివేస్తే ఆ అంకె వస్తుంది. ఇరవై ఏళ్ళవాడికి 200, యాభై ఏళ్ళవాడికి 170. కాబట్టి కొడుకుతో సమానంగా పరుగెత్తాలని చూస్తే మీ గుండె అతని గుండెకన్నా ఎక్కువ శ్రమపడుతుంది.

మోకాలి సంగతి మరీ విచిత్రం. ఎముకల చివర మెత్తలాగా వుండే మృదులాస్థికి రక్తనాళాలు లేవు. కాలు కదిలినప్పుడు అది స్పంజిలాగా నొక్కుకుని, మళ్ళీ విచ్చుకుంటూ, కీలులోని ద్రవంనుంచి ఆహారం పీల్చుకుంటుంది. అతిగా రుద్దితే అరిగిపోతుంది, అసలు కదపకపోతే ఆహారం అందక క్షీణిస్తుంది. మోకాలికి కావలసింది విశ్రాంతీ కాదు, వీరత్వమూ కాదు. మితమైన పని కావాలి.

మా ప్రాంతంలో నేను చూసినవారిని ముగ్గురిని చెబుతాను. ప్రొద్దుటూరులో ఒక బట్టల వ్యాపారి. వయసు 48. వారమంతా దుకాణంలో పొద్దున్నుంచి రాత్రిదాకా కూర్చోవడమే పని. సిగరెట్లు మామూలే. ఒక ఆదివారం కుర్రవాళ్ళతో పందెం వేసి బౌలింగు చేశాడు. మూడవ ఓవరులో రొమ్ము మీద బండ పెట్టినట్టయింది, చెమట కారిపోయింది. చుట్టూ వున్నవాళ్ళు "గ్యాసులే అన్నా" అని సోడా తాగించి చెట్టు కింద పడుకోబెట్టారు. గంట గడిచాక ఆటోలో తీసుకొచ్చారు. ప్రాణం దక్కింది. కానీ ఆ గంటలో గుండె కండరం కొంత చచ్చిపోయింది, అది మళ్ళీ రాదు. ఇప్పుడాయన మేడమెట్లు ఎక్కాలంటే మధ్యలో ఆగాలి.

జమ్మలమడుగులో ఒక రిటైరయిన మేష్టారు. రోజూ పొద్దున నాలుగు మైళ్ళు నడిచేవాడు. మోకాలు నొప్పి మొదలవగానే ఎవరో నడవవద్దన్నారని పూర్తిగా మానేశాడు. రెండేళ్ళలో తొమ్మిది కిలోల బరువు పెరిగాడు, చక్కెర వ్యాధి వచ్చింది, మోకాలు ఇంకా బిగుసుకుపోయింది. ఒక్క కిలో బరువు తగ్గితే, వేసే ప్రతి అడుగులో మోకాలి మీద సుమారు నాలుగు కిలోల భారం తగ్గుతుంది. ఆ లెక్కన తొమ్మిది కిలోలు పెరిగితే ఎంత భారమో మీరే గుణించుకోండి.

మూడవవాడు పులివెందుల రైతే, నన్ను ప్రశ్న అడిగినాయన. చీనీతోట వుంది. వయసు 52. చిన్నప్పటినుంచి వాలీబాల్ పిచ్చి. "ఇంగ ఆట నిలిపేయమంటారా సార్?" అంటూ వచ్చాడు. మానవద్దన్నాను. ఎగిరి కొట్టడం మానేసి, బంతిని లేపి అందించే చోట నిలబడమన్నాను. వారానికి మూడు రోజులు, ఒక్కొక్క రోజు అరగంట మాత్రమే ఆడమన్నాను. మొదట్లో నామోషీ పడ్డాడు. ఇప్పుడు ఆ చోట అంత చక్కగా బంతి అందించేవాడు ఊళ్ళో లేడని కుర్రవాళ్ళే పిలుస్తున్నారు. నేను చెప్పిన మూడవ దారి ఇదే.

ఇక మీరు చేయవలసినవి చెబుతాను, గుర్తుపెట్టుకోండి.

చాలాకాలం తరువాత ఆట మొదలుపెట్టదలిస్తే ముందు బి.పి., చక్కెర చూపించుకోండి. పొగాకు అలవాటున్నవారు, ఇంట్లో గుండెజబ్బు వున్నవారు ఇ.సి.జి. కూడా తీయించుకుని డాక్టరు సలహా తీసుకోండి. తరువాత నెలరోజులపాటు రోజూ అరగంట చురుగ్గా నడవండి. ఆ నడక అలవాటయ్యాకే ఆట.

ఇంట్లో చేసుకునే వ్యాయామాలు రెండు. కుర్చీలో కూర్చుని ఒక కాలు తిన్నగా చాచి, అయిదు లెక్కపెట్టి దించండి. ఒక్కొక్క కాలికి పదిసార్లు, ఉదయం సాయంత్రం చేయండి. రెండవది, గోడ పట్టుకుని మునివేళ్ళ మీద పైకి లేచి మెల్లగా దిగండి. ఇదీ పదిసార్లు. గృహిణులకూ ఇవి ఎంతో మంచివి. ముట్లుడిగాక ఆడవారిలో కండా ఎముకా రెండూ త్వరగా తరుగుతాయి. "ఆటలు మగవాళ్ళకు, మాకెందుకు?" అనవద్దు. మన హైదరాబాదు అమ్మాయి మిథాలీ రాజ్ 39వ ఏట, 2022 ప్రపంచ కప్పులో తన చివరి మ్యాచిలో 68 పరుగులు చేసింది.

ఆటకు ముందు పది నిముషాలు మెల్లగా నడిచి, కాళ్ళూ చేతులూ సాగదీసి ఒళ్ళు వేడెక్కించుకోండి. మన కడప ఎండలు మీకు కొత్తకాదు. వేసవిలో పొద్దున తొమ్మిది దాటాక మైదానంలో వుండవద్దు. దాహం వేసేదాకా ఆగకుండా నీళ్ళో, మజ్జిగో తాగుతుండండి. బి.పి. వున్నవారు మజ్జిగలో ఉప్పు తగ్గించండి.

ఆడిన మరునాటి ఉదయం మీ మోకాలిని అడగండి. నొప్పి తగ్గిపోయివుంటే ఆట సరిపోయిందన్నమాట. నొప్పి అలాగే వున్నా, వాపు కనిపించినా, ఈసారి ఆటను సగానికి సగం తగ్గించండి. నొప్పి బిళ్ళ మింగి ఆడడం మాత్రం వద్దు. నొప్పి కాపలాదారు లాంటిది. కాపలాదారును నిద్రపుచ్చితే దొంగ పోడు గదా! పైగా ఆ బిళ్ళలు అలవాటైతే కడుపులో పుండు పడవచ్చు, మూత్రపిండాలు చెడవచ్చు.

కాలు మెలికపడితే, గుడ్డలో చుట్టిన మంచుగడ్డను పావుగంటసేపు పెట్టి, కాలు ఎత్తులో వుంచి పడుకోండి. మొదటి రెండు రోజులు వేడి కాపడం, నూనెతో మర్దన వద్దు. మడమ వెనుక ఎవరో రాయితో కొట్టినట్టు టప్పుమని, మునివేళ్ళ మీద నిలబడలేకపోతే అక్కడి పట్టీ తెగిందని అనుమానించి ఆ రోజే డాక్టరును కలవండి. మనవైపు పుత్తూరు కట్టు మీద నమ్మకం ఎక్కువ. ఎవరు కట్టు కట్టినా సరే, ముందు ఎక్స్‌రే తీయించండి.

అన్నిటికన్నా ముఖ్యమైనది చివరన చెబుతున్నాను. ఆటలో రొమ్ము పట్టేసినా, నొప్పి ఎడమ చేతికో దవడకో పాకినా, చల్లటి చెమట పట్టినా, అలవాటు లేని ఆయాసం వచ్చినా ఆ క్షణంలోనే ఆగిపోండి. సోడా కోసం చూడవద్దు. 108కి ఫోను చేయండి. "గ్యాసు" అని తేల్చవలసింది ఇ.సి.జి. చూసిన డాక్టరు. పక్కనున్న స్నేహితుడు కాదు.

వచ్చే ఆదివారం మీ వీధి కుర్రవాళ్ళు ఆటకు పిలిస్తే తప్పక వెళ్ళండి. పరుగెత్తే చోటు వాళ్ళకిచ్చి, మీరు స్లిప్పులో నిలబడండి. నాలుగు బంతులు ఆడి బ్యాటు అందించండి. అంపైరుగా తెల్లటోపీ పెట్టుకున్నా సరే, అదీ మైదానంలో నిలబడడమే గదా!