కంచెకు కాపలా

మా శ్రీనగర్ కాలనీలో పోలీసులకు కొదవ లేదు. నిజం పోలీసులు కాదు లెండి, సినిమా పోలీసులు! పక్కనే కృష్ణానగర్, కాస్త పైకి వెళితే ఫిల్మ్‌నగర్. షూటింగ్ ఉన్నరోజు ఖాకీ చొక్కాలతో జూనియర్ ఆర్టిస్టులు టీకొట్టు దగ్గర కనబడతారు. సాయంత్రానికి ఆ చొక్కాలు పెట్టెలోకి వెళ్లిపోతాయి. ఎవరికీ నష్టం లేదు. అసలు ఖాకీ అలా కాదు. దాన్ని డబ్బిచ్చి కొనుక్కున్నవాడు ముప్పై ఏళ్లు తొడుక్కుంటాడు. పెట్టిన పెట్టుబడి రాబట్టుకునేది మన దగ్గరే!

మా వీధి మలుపులో ఇస్త్రీబండి నడిపే ఆవిడ కూతురు ఆ అసలు ఖాకీ కోసమే చదువుతోంది. తెల్లవారుజామున పరుగు, పగలంతా లైబ్రరీ. 2022 నోటిఫికేషన్ ప్రకారం కానిస్టేబుల్ కావాలంటే ఆడపిల్లలు 800 మీటర్లు 5 నిమిషాల 20 సెకన్లలో పరుగెత్తాలి. ఆ గడియారంతో పోటీపడటం ఆమె చేతిలో పని. ప్రశ్నపత్రం ఎవరి జేబులోకి చేరిందన్నది మాత్రం ఆమె చేతిలో లేదు.

గ్రూప్-1లో డీఎస్పీ పోస్టులూ ఉంటాయని ఆ పరీక్ష కూడా రాసింది. 2022 అక్టోబరు 16న జరిగిన ప్రిలిమ్స్, లీకేజీ బయటపడటంతో 2023 మార్చి 17న రద్దయింది. జూన్ 11న మళ్లీ రాసింది. బయోమెట్రిక్ హాజరు వంటి జాగ్రత్తలు పాటించలేదంటూ సెప్టెంబరు 23న హైకోర్టు దాన్నీ రద్దు చేసింది. మూడోసారి 2024 జూన్ 9న రాసింది. "తప్పు చేసినోళ్లు ఎవరో... శిక్ష మా పిల్లకేందమ్మా?" అని వాళ్లమ్మ అడిగితే ఏం చెప్పాలో తోచలేదు.

లీకేజీపై సిట్ వేశారు. దర్యాప్తు ఎంతవరకు వచ్చిందో సీల్డ్ కవరులో చెప్పమని హైకోర్టు అడిగింది. "సీల్డ్ కవరంటే దాచిపెట్టడమే కదా ఆంటీ?" అంది ఆ అమ్మాయి. సందేహం సబబే. ఇంకా దొరకనివాళ్లు జాగ్రత్తపడకుండా కొన్నాళ్లు గుట్టు అవసరం. ఎప్పటికీ గుట్టుగానే ఉంటే మాత్రం జనానికి నమ్మకం పోతుంది.

కోర్టు పర్యవేక్షణ అంటే జడ్జిగారు సోదాలకు వెళ్లడం కాదు. పిటిషన్‌ను మూసేయకుండా పెట్టుకుని, వాయిదా వాయిదాకీ 'ఎంతవరకు వచ్చింది?' అని అడగటం. జైన్ హవాలా కేసులో సుప్రీంకోర్టు ఈ దారి చూపించింది. 1997 డిసెంబరు 18 నాటి వినీత్ నారాయణ్ తీర్పు చదివితే ఆ సంగతి తెలుస్తుంది. ఛార్జిషీటు వేశాక మంచీచెడూ తేల్చేది కింది కోర్టే.

మిగతా కుంభకోణాల కన్నా పోలీసు నియామకాల్లో ఈ కాపలా మరీ అవసరం. కర్ణాటక సంగతే చూడండి. 545 ఎస్సై పోస్టులకు 2021 అక్టోబరు 3న పరీక్ష పెట్టారు. ఓఎంఆర్ పత్రాలు దిద్దారన్న ఆరోపణలు వచ్చాయి. నియామక విభాగానికి అధిపతిగా పనిచేసిన అదనపు డీజీపీనే 2022 జులైలో సీఐడీ అరెస్టు చేసింది. అంత పెద్ద అధికారిని ప్రశ్నించాల్సింది ఆయన శాఖలోని వాళ్లే! కంచే చేను మేసిందన్న అనుమానం వచ్చినప్పుడు ఆ కంచెనే విచారణకు కూర్చోబెడితే ఎలా? పరీక్ష రద్దును సమర్థించిన అక్కడి హైకోర్టు, 2023 నవంబరులో, మళ్లీ పెట్టే పరీక్షను స్వతంత్ర సంస్థకు అప్పగించమంది. 2024 జనవరి 23న ఆ పరీక్ష జరిగింది. మధ్యప్రదేశ్ వ్యాపం కుంభకోణంలోనూ పోలీసు నియామక పరీక్షలున్నాయి. అక్కడ హైకోర్టు పర్యవేక్షణ ఉన్నా సరిపోలేదు. 2015 జులై 9న సుప్రీంకోర్టు కేసుల్ని సీబీఐకి ఇచ్చింది.

కర్ణాటక పిల్లలకు మొదటి పరీక్షకూ రెండోదానికీ మధ్య రెండేళ్లకు పైగా గడిచిపోయింది. నిజాయితీగా చదివినవాళ్ల వయసు వాయిదాల కోసం ఆగదు. దొంగ దొరకడం ఎంత ముఖ్యమో, దొరగా చదివినవాడికి త్వరగా మరో అవకాశం రావడం అంతే ముఖ్యం. అందుకే దర్యాప్తు ఎక్కడిదాకా వచ్చిందని అడిగే కోర్టులు, అదే వాయిదాలో ఇంకో మాట కూడా అడగాలి: "మళ్లీ పరీక్ష ఏ తేదీన?"