నాన్న అడుగుల లెక్క

మా నాన్న సర్వే శాఖలో పనిచేసి రిటైరయ్యారు. 30 ఏళ్లకు పైగా గోదావరి డెల్టాలో పొలం గట్ల మీద గొలుసు పట్టించుకుంటూ తిరిగిన మనిషి. ఎక్కడికెళ్లినా అడుగులు లెక్కపెట్టడం ఆయనకు అలవాటు. అలాంటాయన 74వ ఏట గుమ్మం దగ్గర ఆగిపోవడం మొదలుపెట్టారు. నొప్పి లేదు, కాళ్లలో బలం తగ్గలేదు. పాదాలు గచ్చుకు అంటుకుపోయినట్టు పైకి లేచేవి కావు, అంతే. తర్వాత పేర్లు మరిచిపోవడం. ఆపైన బాత్‌రూముకు చేరేలోపే పంచె తడిసిపోవడం. ఈ చివరిది అమ్మ మాకెవరికీ చెప్పలేదు. ఉతికి ఆరేసేది.

"పెద్దతనం కదండీ" అన్నారు మొదట చూసిన డాక్టరు. రెండో ఆయన పార్కిన్సన్స్ అనుకుని మాత్రలు రాశారు. ఏడాదిన్నర ఆ మాత్రలు మింగారు. ఆ ఏడాదిన్నర తలచుకుంటే డాక్టర్ల మీద కన్నా నా మీదే నాకు కోపం. పెద్దతనం అన్న మాటను నేనూ హాయిగా నమ్మాను. నమ్మితే ఇక చేయాల్సిన పనేమీ ఉండదు కదా.

మూడో డాక్టరు 2022లో మెదడు స్కాన్ తీయించారు. మధ్యలో సీతాకోకచిలుక రెక్కల్లా పరుచుకున్న నల్లటి భాగాన్ని చూపించారు. మెదడు లోపలి గదులవి. కోష్ఠకాలంటారు, మొత్తం నాలుగు. వాటి నిండా నీళ్లలా తేటగా ఉండే మస్తిష్కమేరుద్రవం. రోజుకు దాదాపు అర లీటరు కొత్తగా ఊరుతుంది. కానీ తలలోనూ వెన్నులోనూ కలిపి ఏ సమయంలోనైనా ఉండేది 150 మిల్లీలీటర్లే. అంటే రోజుకు మూడు నాలుగు సార్లు నీళ్లన్నీ మారిపోతాయి. నాన్నకు ఆ గదులు ఉబ్బిపోయి ఉన్నాయి. జబ్బు పేరు నార్మల్ ప్రెషర్ హైడ్రోకెఫలస్. నడక, మతిమరుపు, మూత్రం, ఈ మూడూ కలిసి కనిపించే ఈ జబ్బు గురించి కొలంబియా దేశపు న్యూరోసర్జన్ సాలమన్ హకీమ్ 1965లోనే రాశారు.

"ఈ గదుల గోడలకు వెంట్రుకలుంటాయి, తెలుసా?" అన్నారు డాక్టరు. తమాషాకి అంటున్నారనుకున్నాను. ఆ రాత్రి నిద్రపట్టక చదవడం మొదలుపెట్టాను.

నిజమే. గోడల లోపలి వైపు ఒకే వరుసలో ఎపెండైమల్ కణాలుంటాయి. ఒక్కో కణం మీద గుత్తిగా శైలికలు. మన శ్వాసనాళంలో కఫాన్ని పైకి నెట్టేవి కూడా ఈ జాతివే. ఇవి తెడ్డు వేసినట్టు ఒకే దిక్కుకు కొట్టుకుంటూ గోడ పక్కన ఉన్న ద్రవాన్ని కదిలిస్తాయి. చెక్ శాస్త్రవేత్త పుర్కిన్యే 1836లోనే వీటిని గమనించారు. ఎలుకల మెదడులో కొత్తగా పుట్టిన నాడీకణాలు ఈ ప్రవాహం దిక్కునే పట్టుకుని ప్రయాణిస్తాయని 2006లో తేలింది. మూడో కోష్ఠకంలో శైలికలు పాయలుగా, సుడులుగా ప్రవాహాలను నడుపుతాయనీ, రోజులో వేళను బట్టి ఆ పాయల్లో కొన్ని దిశ మార్చుకుంటాయనీ 2016లో జర్మనీ శాస్త్రవేత్తలు ఎలుకల్లోనే చూపించారు. ఇది నాన్నకు చెప్పాను. కాసేపు ఆలోచించి, "అయితే లోపల కూడా వంతులవారీ నీళ్లే" అన్నారు. చాలా రోజుల తర్వాత ఆయన వేసిన జోక్ అది.

నన్ను ఆపేసింది మాత్రం ఇంకో సంగతి. ఈ కణాల్లో చాలావరకు మనం పుట్టకముందే తయారవుతాయి. ఆ తర్వాత విభజన చెందవు. గోడ ఎక్కడైనా ఊడిపోతే పక్కనున్న వేరే కణాలు వచ్చి మాసిక వేస్తాయి. ఆ మాసికకు శైలికలుండవు.

అయితే నాన్న తలలో తెడ్లు ఆగిపోయాయని తేల్చేయడం తప్పు. ద్రవాన్ని ప్రధానంగా తోసేది గుండె కొట్టుకోవడం, ఊపిరి తీయడం. పుట్టుకతోనే శైలికలు కదలని వాళ్లున్నారు. వాళ్లు బాధపడేది ఎక్కువగా ఊపిరితిత్తులతో, తలలో నీరు చేరడం అరుదు. ఇది చదివి కాస్త తేలికపడ్డాను. కానీ 2019లో జపాన్‌లో ఒకే కుటుంబంలో పలువురికి నాన్నకొచ్చిన జబ్బే వస్తే, శైలికల నిర్మాణానికి అవసరమైన సీఎఫ్ఏపీ43 అనే జన్యువులో లోపం బయటపడింది. కుటుంబం అన్న మాట దగ్గర పేజీ మూసేశాను.

సర్జరీకి ముందు ఒక పరీక్ష ఉంటుంది. వెన్నుపూసల మధ్య సూది గుచ్చి 40 మిల్లీలీటర్ల ద్రవం తీశారు. ఒక టీ గ్లాసుకు తక్కువే. అంతకుముందు ఆస్పత్రి వరండాలో 10 మీటర్లు నడిపించారు, 31 అడుగులు. మూడు గంటల తర్వాత మళ్లీ నడిపించారు. 19. నర్సు గడియారం చూస్తోంది. లెక్క చెప్పింది నాన్న. అమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని గోడవైపు తిరిగింది.

తల నుంచి పొట్టలోకి చర్మం కింద వెళ్లే సన్నటి గొట్టం, షంట్, వేశారు. ఖర్చు ఎంతోనని భయపడ్డాం. ఉత్తరప్రదేశ్‌లోని షాజహాన్‌పూర్‌లో తయారయ్యే ఛాబ్రా షంట్ మా అందుబాటులోనే ఉంది. చవకది కదా అని నసిగాను. ఇదే షంట్‌ను ఉగాండాలో పిల్లల మీద ఖరీదైన విదేశీ షంట్‌తో పోల్చి చూస్తే ఏడాది తర్వాత ఫలితాల్లో తేడా కనిపించలేదని 2005లో వచ్చిన అధ్యయనం గురించి డాక్టరే చెప్పి నా నోరు మూయించారు.

మూడూ తిరిగి రాలేదు. పేర్లు ఇప్పటికీ తడబడతారు. నన్ను ఒక్కోసారి మా బాబాయి పేరుతో పిలుస్తారు. నడక మాత్రం వచ్చింది. సాయంత్రం ఇంటి నుంచి కాలువ లాకుల దాకా ఇద్దరం వెళ్తాం. మొన్న లాకుల మీద నిలబడి "వెయ్యీ నలభై" అన్నారు. కిందటి వారం కన్నా పన్నెండు తక్కువట.

ఆయన వెనక నడుస్తూ నేను నా అడుగులు లెక్కపెట్టుకుంటున్న సంగతి ఆయనకు చెప్పలేదు.