ఆసు యంత్రం, అచ్చు చీర

భారీ ఉత్పత్తి చేతిపనులను దెబ్బతీసిందన్న మాట నిజమే అయినా, ఆ నష్టాన్నంతా యంత్రానికే అంటగడితే అసలు తప్పు ఎక్కడ జరుగుతున్నదో కనబడకుండా పోతుంది. యంత్రాలన్నీ ఒక్క తీరువి కావని పోచంపల్లి ఇక్కత్ చరిత్రే చెబుతుంది.

ఇక్కత్ బట్టపై వేసే అద్దకం కాదు. నేతకు ముందే నూలును కట్టలుగా విడదీసి, రంగు అంటకూడని చోట రబ్బరు పట్టీలతో బిగించి, ఒక్కో రంగుకు కట్లు మారుస్తూ ముంచి తీశాక, ఆ నూలు మగ్గం మీద పడుగుగా, అంటే నిలువు పోగులుగానో, పేకగా, అంటే అడ్డు పోగులుగానో చేరినప్పుడే అందులో బొమ్మ తేలుతుంది. కట్టు కిందికి రంగు కొద్దిగా పాకడం వల్ల, పోగులు వెంట్రుకవాసి జరగడం వల్ల బొమ్మ అంచులు మసకగా ఉంటాయి. ఆ మసకను ఎంత అదుపులో ఉంచాడన్నదే నేతగాని పనితనానికి కొలత.

పేక నూలుకు కట్లు కట్టే ముందు ఆసు పోయాలి, అంటే అర్ధచంద్రాకారంగా బిగించిన మేకుల చుట్టూ పోగును తిప్పాలి. ఒక్క చీరకు వేలసార్లు చేయి చాచవలసిన ఈ పని ఎక్కువగా ఇంటి స్త్రీలదే. తన తల్లి లక్ష్మి భుజం నొప్పి చూడలేక చింతకింది మల్లేశం 1999లో ఆసు యంత్రాన్ని రూపొందించారు. 2017లో ఆయనకు పద్మశ్రీ లభించింది. ఆ యంత్రం నొప్పిని తీసుకుంది గాని బొమ్మను ఊహించడం, కట్టడం, రంగుల లెక్క, నేత మనిషి చేతిలోనే ఉంచింది.

అదే బొమ్మను మిల్లు బట్టపై అచ్చువేసే యంత్రం చేసేది వేరు. అది పోగుల వల్ల పుట్టిన మసకను సైతం నకలు తీసి ముద్రిస్తుంది. ఇక్కత్‌లో రంగు పోగుదే గనుక బట్ట రెండు వైపులా ఒకేలా కనిపిస్తుంది, అచ్చు చీర వెనుక వైపు చాలావరకు వెలవెలబోతుంది. కానీ ధరల తేడా చూసిన కళ్లు చీరను తిరగేసి చూడడం అరుదు. చట్టం అండ కూడా అంతంతే. చేనేతకే కొన్ని రకాల వస్త్రాలను ప్రత్యేకించిన 1985 నాటి చట్టంలో మొదట 22 రకాలుండగా తరువాత అవి 11కు తగ్గాయి. పోచంపల్లి ఇక్కత్‌కు దక్కిన భౌగోళిక గుర్తింపు పేరును కాపాడినంత గట్టిగా, పేరు చెప్పకుండా అమ్ముడయ్యే నకలును అడ్డుకోలేదు.

ఈ నకలు వల్ల ముందుగా తగ్గేది మగ్గాల సంఖ్య కన్నా కొత్త నమూనా వేయాలన్న ఉత్సాహం. రోజుల తరబడి గళ్ల కాగితం మీద పోగులు లెక్కగట్టి, కట్లు కట్టి, నేసి అంగడికి పంపిన బొమ్మ కొద్ది రోజుల్లోనే మిల్లు బట్ట మీద చవకగా తిరుగుతుంటే, నేతగాడు పాత బొమ్మలతోనే సరిపెట్టుకుంటాడు, అతని పిల్లలు ఆ లెక్క నేర్చుకోవలసిన అవసరం లేదనుకుంటారు.