రెక్కాడితేగాని...

నొప్పులకి కూడా మన ఇళ్లలో పెద్దా చిన్నా వరసలున్నాయి. తలనొప్పి అంటే ఇల్లంతా మునివేళ్ల మీద నడుస్తుంది. జ్వరమైతే సరేసరి, థర్మామీటరు సాక్ష్యం చెబుతుంది. నడుం పట్టేస్తే మనిషి వంగిపోయి కనిపిస్తుంది కనుక జాలిపడేవాళ్లుంటారు. ఎటొచ్చీ భుజం నొప్పికే ఏ మర్యాదా లేదు. వాపుండదు, రంగు మారదు, ఒళ్లు కాలదు. పైగా ఆ చేత్తోనే పొద్దున్న పప్పు మెదిపి, కూర కలిపి, క్యారేజీలు సర్ది పంపించి వుంటాం. అలాంటి చెయ్యి నొప్పెడుతోందంటే ఎవరు నమ్ముతారు చెప్పండి?

కిందటేడు నా కుడి భుజానికి పట్టుకున్నది సరిగ్గా ఇలాంటి, ఎవరూ నమ్మని నొప్పే. చెయ్యి కిందుగా వుంచి చేసే పనులన్నీ సజావుగా సాగిపోయేవి. కూరలు తరుక్కోవచ్చు, బల్ల ముందు కూర్చుని సీరియల్ రాసుకోవచ్చు. చెయ్యి భుజం ఎత్తుకి వచ్చేసరికి మాత్రం కలుక్కుమనేది. దండెం మీద చీర ఆరెయ్యాలన్నా, జడ అల్లుకోవాలన్నా, జాకెట్టు తొడుక్కోవాలన్నా ప్రాణం మీదికొచ్చేది. రాత్రి కుడిపక్కకి ఒత్తిగిల్లితే చాలు, మెలకువ. అదీగాక, నొప్పెక్కడా అంటే భుజం మీద కాదు, కిందుగా జబ్బ మీద చూపించేదాన్ని. నలభయ్యయిదేళ్లొచ్చాక, కాలేజీకి టైమైపోతోందని గింజుకుంటున్న కూతురి ముందు కూర్చుని జడ వేయించుకోవడం ఎలా వుంటుందో అనుభవిస్తేగాని తెలియదు.

ఇక వైద్యసలహాలకి లోటేముంది! "వాతం. వంకాయ మానెయ్యి" అన్నారు మా అత్తగారు. "రోజంతా ఫోను పట్టుకుంటే రాదూ?" అని మావారు తేల్చేశారు, తన చేతిలో ఫోను దించకుండానే. పక్కింటి పిన్నిగారు గ్యాస్ అని వాము పంపించారు. ఎదురింటావిడ మరో అడుగు ముందుకేసి, "ఫ్రోజెన్ షోల్డరండీ. మా అక్కకీ అంతే. రెండేళ్లకి అదే పోయింది" అని ఓదార్చింది.

గ్యాస్ మాట వచ్చింది కనుక ఒక్క సంగతి. భుజం నొప్పితోపాటు గుండెల మీద బరువు, చెమటలు, ఆయాసం వుంటే, ముఖ్యంగా అది ఎడమవైపయితే, వాము నములుతూ కూర్చోకండి. తక్షణం ఆసుపత్రికి వెళ్లండి. నా నొప్పి ఆ జాతిది కాదు.

ఎముకల డాక్టరుగారు పెద్దాయన. స్కానింగు చీటీ రాయడానికి ముందు పావుగంట మాట్లాడించారు. "రాత్రి నిద్ర పడుతోందా అమ్మా?" అన్నారు. మూణ్ణెల్లలో నన్ను ఆ ప్రశ్న అడిగిన మొదటి మనిషి ఆయనే! మెడ అటూ ఇటూ తిప్పించి, వేళ్లదాకా తిమ్మిరి దిగుతోందేమో కనుక్కున్నారు. మెడ దగ్గర నరం నొక్కుకున్నా భుజం నొప్పెడుతుందట. తర్వాత చేతిని పక్కనుంచి పైకెత్తమన్నారు. 60 డిగ్రీల దగ్గర మొదలైన పోటు 120 దాటాక తగ్గింది. అప్పుడాయనే నా చెయ్యి పట్టుకుని నెమ్మదిగా ఎత్తారు. పూర్తిగా లేచింది.

"ఫ్రోజెన్ షోల్డరైతే నేనెత్తినా లేవదు, బయటికి తిప్పినా తిరగదు. కీలే బిగుసుకుపోతుంది. మీ కీలు బాగానే వుంది, దాన్ని లాగే తాడులో వుంది తిరకాసు" అన్నారు. ఆఖరికి చేతిని ముందుకు, కాస్త పక్కగా చాపించి, చెంబులో నీళ్లు ఒంపేస్తున్నట్టు బొటనవేలు కిందికి తిప్పమని, పైనుంచి మెల్లగా నొక్కారు. నేను కెవ్వుమన్నాను. "చెంబు పరీక్షలో దొరికిపోయారు" అని నవ్వారాయన.

భుజం కీలంటే గిన్నెలో బంతి అంటారుగాని, నిజానికది గిన్నె కాదు, సాసరు. అంత లోతు తక్కువ కనుకే చెయ్యి అన్ని వైపులా తిరుగుతుంది. మరి బంతి జారిపోకుండా? నాలుగు కండరాలు నాలుగు వైపులనుంచీ వచ్చి దాన్ని పొదివి పట్టుకుంటాయి. కండరాన్ని ఎముకకి కట్టివుంచే తెల్లటి గట్టి పట్టీని టెండన్ అంటారు. మనం మాత్రం ఒంట్లో ఏ తాడు తెగినా 'నరం' అనే అంటాం. ఈ నాలుగు టెండన్లూ కలిసి చొక్కా చేతి పట్టీలా బంతిని చుట్టుకుని వుంటాయి గనుక దానికి రొటేటర్ కఫ్ అని పేరు. వాటిలో పైన వుండేది సుప్రాస్పైనేటస్. చెయ్యెత్తినప్పుడల్లా పైనున్న ఎముకకీ కిందనున్న బంతికీ మధ్య మసిలేది అదే. ఎక్కువగా చిరిగేదీ అదే.

భుజానికి అల్ట్రాసౌండ్ రాశారని ఇంటికొచ్చి చెబితే, మా అత్తగారు "ఈ వయసులో అల్ట్రాసౌండేమిటే?" అని ఒక్కక్షణం నావైపు అనుమానంగా చూశారు. ఆ పరీక్షకి ఖర్చు తక్కువ, చేతిని కదిలిస్తూ చూడొచ్చు. కాకపోతే చూసేవాళ్ల చెయ్యి తిరిగివుండాలి, చిన్న చిరుగులు తప్పించుకోవచ్చు. నాకు అనుమానం మిగిలిపోయిందని ఎమ్మారై తీయించారు. సుప్రాస్పైనేటస్ టెండన్ కొంతమేర చిరిగిందని రిపోర్టు. అదీ కీలు వైపు, అంటే లోపలి వైపు. పాక్షికంగా చిరిగేవాటిలో ఎక్కువ ఆ వైపువేనట. చీర ఫాల్ కింద చిరిగితే పైకి నలగని చీరలాగే వుంటుంది చూడండి, అలాగన్నమాట.

ఆ టెండన్ మందం సుమారు 10 నుంచి 12 మిల్లీమీటర్లు. ఎల్మన్ అనే డాక్టరు 1990లో చిరుగుల్ని మూడు తరగతులు చేశారు. 3 మిల్లీమీటర్లలోపు మొదటిది, 3 నుంచి 6 దాకా రెండోది, అది దాటి సగం మందం మించితే మూడోది. నాది రెండో తరగతి.

'చిరుగు' అన్న మాట విన్నాక ఆ రాత్రి అసలే పట్టని నిద్ర పూర్తిగా పోయింది. ఆపరేషనా? ఈ చెయ్యి ఇక ఇంతేనా? మర్నాడు ఇదే అడిగితే డాక్టరుగారు ఒక సంగతి చెప్పారు. 1995లో అమెరికాలో భుజం నొప్పే లేని 96 మందికి ఎమ్మారై తీస్తే, అరవై దాటినవాళ్లలో సగానికి పైగా మందికి చిరుగులు కనిపించాయట, కొందరికి సగం, కొందరికి పూర్తిగా! వాళ్లంతా హాయిగా చేతులూపుకుంటూ తిరుగుతున్నవాళ్లే. "అందుకని వైద్యం రిపోర్టుకి కాదమ్మా, మనిషికి" అన్నారు.

ఆ వైద్యం చూడబోతే పెద్ద కత్తిసాము. చెయ్యి ముడుచుకుని జోలెలో పెట్టుకు కూర్చుంటే కీలు బిగుసుకుపోయి, ఎదురింటావిడ జోస్యం నిజమవుతుంది, షుగరున్నవాళ్లకి మరీను. పోనీ మామూలుగా బిందెలెత్తుతూ వుంటే చిరుగు పెరగొచ్చు. కదలాలి, మొయ్యకూడదు. మొదట్లో నొప్పికి కొద్దిరోజులు మాత్రలు, పడుకున్నప్పుడు చేతికింద తలగడ. ఆ తర్వాత ఫిజియోథెరపీ. ఎడంచెయ్యి బల్లమీద ఆనించి, ముందుకు వంగి, కుడిచెయ్యి ఉయ్యాలలా వదిలేసి మెల్లగా ఊపడంతో మొదలు. 1934లో భుజం మీదే ఒక లావుపాటి పుస్తకం రాసిన బోస్టన్ సర్జన్ కాడ్‌మన్ పేరే ఇప్పటికీ ఆ వ్యాయామానికి చెబుతారు. తర్వాత గోడమీద వేళ్లతో పైకి పాకించడం, రెక్కబద్ద ఎముకల్ని వెనక్కి లాగి బిగించడం, చివరికి రబ్బరు పట్టీ లాగడం. నేర్పే అమ్మాయికి మా అమ్మాయి వయసుంటుంది. "ఆంటీ, ఇంకో పది!" అంటూ నా కథల్లోని ఏ అత్తగారూ పెట్టని బాధ పెట్టింది.

ఇంజెక్షను సంగతీ అడిగాను. స్టెరాయిడ్ సూదితో కొన్ని వారాలు నొప్పి తగ్గుతుంది, ఆ వీలు చూసుకుని వ్యాయామం చెయ్యొచ్చు. కాని షుగరున్నవాళ్లకి కొన్నాళ్లు షుగరు పెరుగుతుంది, మాటిమాటికీ పొడిస్తే టెండనే బలహీనపడొచ్చు. ఆపరేషనంటారా, మూడు నుంచి ఆరు నెలలు శ్రద్ధగా వ్యాయామం చేసినా నొప్పి తగ్గక, చిరుగు సగం మందం మించినప్పుడు ఆలోచిస్తారు. చిన్న రంధ్రాల్లోంచి కెమెరాతో చూస్తూ కుడతారు. కుట్టాక నాలుగు నుంచి ఆరు వారాలు చెయ్యి జోలెలోనే. పూర్తి బలం రావడానికి నెలలు పడుతుంది.

నాకు అంతదూరం రాలేదు. వ్యాయామంతోపాటు మరో మందు కూడా పనిచేసింది. డాక్టరుగారు మావారిని లోపలికి పిలిచి, "వంటింట్లో అరలు ఎంత ఎత్తులో వున్నాయండీ?" అని అడిగారు. మా వంటింటి అరలు కట్టించింది ఆరడుగుల మావారు, వాడేది అయిదడుగుల నేను! ఆ ఆదివారమే పప్పుల డబ్బాలూ నూనె క్యానూ నడుం ఎత్తుకి దిగాయి. దండెం రెండడుగులు కిందికొచ్చింది. తడి దుప్పట్లు ఆరేసే పని మావారికి వచ్చింది. మొదటిరోజు దుప్పటి ఎత్తి, "ఇదింత బరువుంటుందా?" అన్నారు. నేనేమీ అనలేదు. ఇరవైరెండేళ్ల కాపురంలో అంత మంచి ప్రశ్న ఆయన అడగలేదు.

ఆరు వారాలకి రాత్రి నిద్ర పట్టింది. మూడు నెలలు దాటాక ఒక ఉదయం నా జడ నేనే వేసుకున్నాను, వంకరగానే అనుకోండి. మళ్లీ స్కాను తీసి చూద్దామా అంటే డాక్టరుగారు వద్దన్నారు. "చిరుగు అక్కడే వుండొచ్చమ్మా. చుట్టూ వున్న కండరాలు బలపడి భారం పంచుకుంటే నొప్పి వుండదు" అన్నారు.

రెక్కాడితేగాని డొక్కాడదని సామెత. మన ఇళ్లలో ఆడేది ఆడవాళ్ల రెక్క, ఆ డొక్కలు మాత్రం ఇంటిల్లిపాదివీ. పూర్తిగా తెగి చెయ్యి వేలాడితే అందరూ పరిగెత్తుకొస్తారు. సగం తెగి సగం పనిచేసేదాన్నే ఎవరూ పట్టించుకోరు. కనుక రెండుమూడు వారాలు గడిచినా నొప్పి తగ్గకపోయినా, రాత్రిళ్లు నిద్ర చెడగొడుతున్నా ఒకసారి డాక్టరుకి చూపించుకోండి. ఎప్పుడైనా పడిపోయి, ఆ వెంటనే చెయ్యి లేవకపోతే ఆ వారాలు కూడా ఆగొద్దు.

అన్నట్టు, మీ ఇంట్లో కందిపప్పు డబ్బా ఏ అరలో వుంది?