కొలువక తీసికొన్న నేల

పొరుగింటి తప్పు కన్నులకు కనబడినంత శీఘ్రముగా మనయింటి తప్పు కనబడదు. చిన్ననాడు మా తండ్రిగారు భారతము చెప్పునపుడే ఈ మాట వింటిని. కాని దాని యర్థమును నాకు నేర్పినది మా పెరటిగోడ.

మాది తుర్కయంజాల్. దిల్‌సుఖ్‌నగరు, ఎల్.బి. నగరు దాటి సాగరు రహదారిని వచ్చినచో మాసబ్ చెరువు గల యూరు. ఒకప్పటి పొలములు నేడు ఇండ్లస్థలములైనవి. మావారు బడిపంతులు. మాయింటి వెనుక, లేఅవుటు పటమునందు బిడ్డల యాటకై విడిచిన ఖాళీస్థలము గలదు. తుర్కయంజాల్ పురపాలకముగా నున్ననాటి మాట: ఆ స్థలపు టావలి యంచున నొక యిల్లాలు రేకులపాక వేసి గేదెలను గట్టినది. మా వీథి స్త్రీలమందఱము కూడి అర్జీ పెట్టితిమి. వ్రాసినదానను నేనే. ‘ఆక్రమణ’ యను మాటను మూడుచోట్ల వాడితిని.

మఱునాడే పాకను తీయింతురనుకొంటిని. అట్లు జరుగలేదు. ఏది ప్రజలది, ఏది పరులది యని పాలకవర్గము తన యిచ్చవచ్చినట్లు గీత గీయరాదట. సర్వేశాఖకు వ్రాసి, చుట్టునున్నవారికి ముందుగా తెలిపి, హద్దులు నిర్ణయింపజేసిన పిమ్మటనే చేయి వేయవలెనట. గ్రామముల యుమ్మడి భూములలోని ఆక్రమణలను తొలగింపవలెనని సుప్రీంకోర్టు 2011 జనవరి 28న రాష్ట్రములన్నిటిని ఆదేశించినదని మావారు చెప్పగా, ‘ఇంకను కొలతలేల?’ యని విసుగుకొంటిని.

సర్వేయరు వచ్చెను. గ్రామ నక్షాను, టిప్పన్‌ను, లేఅవుటు పటమును పఱచి, పాత హద్దురాతినుండి కొలత మొదలిడెను. మన ప్రాంతమున గుంట యనగా 33 అడుగుల చదరము, 121 చదరపు గజములు. అట్టివి 40 చేరిన నొక యెకరము. పాక ప్రజలస్థలములోనే యున్నదని తేలినది. నేను సంతసించుచుండగనే కొలతగొలుసు మాగోడను దాటి మల్లెపందిరి క్రింద నిలిచినది. 60 అడుగుల పొడవున మాగోడ 2 అడుగులు ముందునకు వచ్చియున్నది! అనగా 120 చదరపుటడుగులు. ఇంచుమించు గుంటలో తొమ్మిదవ వంతు.

ఇల్లు కట్టించిననాడు మేస్త్రి, ‘ఖాళీ జాగనే గదమ్మా’ యనెను. మేమును ఊరకుంటిమి.

ఆ యిల్లాలు నన్ను దూషింపలేదు. ‘పంతులమ్మా! మీ గోడ తీసినంక నా రేకులు తీస్త’ నని మాత్రము చెప్పి పాలచెంబుతో వెడలిపోయినది.

ఆ రాత్రి నేను మావారితో వాదించితిని. రెండడుగులే గదా యంటిని. ఆమె గేదెలెక్కడ, నా మల్లెలెక్కడ యంటిని. వారు, ‘బడిలో బిడ్డలచేత కొలబద్ద పెట్టి గీత గీయించువాడను. నేనేమని చెప్పుదును?’ అని యూరకుండిరి. నాకు నిద్ర పట్టలేదు. వామనుడు మూడడుగులు అడిగి, కొలిచి తీసికొనెను. మేము అడుగనులేదు, కొలువనులేదు. సూదిమొన మోపినంత నేలయు నీయనన్న దుర్యోధనుని నిందించుచు పెరిగిన నేను, పరులబిడ్డల నేలను రెండడుగులు పట్టుకొని ‘ఇంతేగదా’ యనుచున్నాను!

పండుగకు కొనదలచిన పట్టుచీర మానుకొని గోడను వెనుకకు జరిపించితిమి. మల్లెతీగలలో రెండు చచ్చినవి. ఎనిమిది దినములలో ఆ యిల్లాలు తనంత తానే రేకులు విప్పించినది. గేదెలలో నొకదాని నమ్ముకొన్నదని పిమ్మట విని, నా చీర నష్టము నష్టముగా తోచలేదు.

2025 చివర మా పురపాలకము హైదరాబాదు మహానగర పాలకసంస్థలో విలీనమైనది. కార్యాలయపు పేరు మారినను హద్దురాయి నిలిచిన చోటనే యున్నది. దానిపై పిల్లలు కూర్చుండి చెప్పులు దులుపుకొనుచుందురు.

అర్జీ వ్రాయబోవు సోదరీమణులకు నా విన్నపమొక్కటే. సర్వే కోరుడు, తప్పక కోరుడు. అది లేక న్యాయము నడువదు. కాని అర్జీపై చేవ్రాలు చేయుటకు ముందు పటము నొకమారు చూచి, మీ పెరటిగోడను మీరే కొలిచికొనుడు.