అలరిక్ అనే పేరును గురించి

మా మనుమడి పేరు అలరిక్. ఈ మాట చెప్పగానే విన్నవారు "ఏమిటీ?" అని రెండవసారి అడుగుతారు. మూడవసారి చెప్పిన తరువాత "బాగుందండీ" అని మాట మారుస్తారు. నాలుగేళ్ళుగా ఇదే తంతు. ఆ పేరు వెనుక నేను తెలుసుకున్న సంగతులను ఒకచోట వ్రాసిపెడితే నాకు ఉపశమనంగానూ, మిత్రులకు కాలక్షేపంగానూ ఉంటుందని ఈ ప్రయత్నం.

ముందు నా మనస్తాపం చెప్పుకోవాలి. ముప్పైరెండేళ్ళు తెలుగు పండితునిగా పనిచేశాను. పనిచేసిన ప్రతి ఊళ్ళోనూ పిల్లలకు పేర్లు పెట్టే బాధ్యత నా నెత్తిన పడేది. నక్షత్రపాదం చూసి పురోహితులు అక్షరం చెప్పేవారు. ఆ అక్షరంతో పేరు వెదకి ఇవ్వడం నా వంతు. ఒకసారి ఒక రైతు హస్తా నక్షత్రం మూడవ పాదంలో పుట్టిన బిడ్డను ఎత్తుకొని వచ్చి "మాస్టారూ, 'ణ'తో మొదలయ్యే పేరు కావాలండీ" అన్నాడు. ణకారాదిగా మాట తెలుగులో లేదు, సంస్కృతంలోనూ లేదన్నట్లే. ఆ పిల్లకు నారాయణి అని పెట్టించి, ణకారం లోపల ఉంది కనుక దోషం లేదని ఒప్పించాను. శాస్త్రం ఏమంటుందో నన్నడగకండి. ఈ విధంగా నేను పేర్లు పెట్టిన పిల్లలు తక్కువలో తక్కువ రెండు వందల మంది ఉంటారు.

అటువంటి నాకు, నా ఏకైక దౌహిత్రుని పేరు ఫోనులో తెలిసింది.

మా అమ్మాయి జర్మనీలో ఉంటున్నది. అల్లుడు ఆ దేశంవాడే. మనకు బారసాల పదకొండవ నాడో ఇరవయ్యొకటవ నాడో జరుగుతుంది. ఈలోగా పేరును గురించి ఇంటిల్లిపాదీ పోట్లాడుకోవడానికి తగినంత వ్యవధి ఉంటుంది. అక్కడ బిడ్డ పుట్టిన వారంలోగా జననం నమోదు చేయించాలట. ఆరవ నాడు అమ్మాయి ఫోను చేసి పేరు చెప్పింది. నాకు చరిత్ర పాఠాలలో చదివిన ఒకే ఒక్క అలరిక్ గుర్తుకు వచ్చాడు. "రోము నగరాన్ని దోచినవాడి పేరా దొరికింది నీకు?" అన్నాను. అటు మాట లేదు. కొంతసేపటికి "బాబు ఏడుస్తున్నాడు నాన్నా, తరువాత చేస్తాను" అన్నది. ఆ తరువాత పదిహేడు రోజులు చేయలేదు.

నా బాధ రోము నగరాన్ని గురించి కాదని మా ఆవిడకు తెలుసు. మగపిల్లవాడైతే మా నాన్నగారి పేరు పెడతారని నేను లోలోపల అనుకొని ఉన్నాను. "అమ్మాయి ఏడవ నెలలో మిమ్మల్ని అడిగిందా లేదా? మీరేమన్నారు? 'మీ ఇష్టం' అన్నారు. ఇష్టమని చెప్పి, మన ఇష్టం వాళ్ళు కనిపెట్టాలంటే ఎట్లాగండీ?" అన్నది ఆవిడ. జవాబు చెప్పలేక పుస్తకాల గదిలోకి వెళ్ళిపోయాను. ఈ వ్యాసానికి బీజం అక్కడ పడింది. కోపంతో మొదలైన పరిశోధన ఇది. ఆ పేరులో తప్పు పట్టడానికే వెదకడం ప్రారంభించాను.

జర్మానిక్ జాతులలో ఒక తెగ గోతులు. వారి భాష గోతిక్. మాట్లాడేవారు లేక అది ఏనాడో అంతరించింది. అయినా మనకు తెలియడానికి కారణం క్రీ.శ. 4వ శతాబ్దంలో వుల్ఫిల అనే మతగురువు ఆ భాషకు ప్రత్యేకంగా లిపి కల్పించి బైబిలును అనువదించడమే. తరువాతి కాలపు ప్రతి ఒకటి స్వీడనులోని ఉప్సలా విశ్వవిద్యాలయంలో ఉన్నది. ధూమ్రవర్ణపు చర్మపత్రాల మీద వెండి, బంగారు సిరాలతో వ్రాసిన అక్షరాలు. దాని చిత్రాలను కంప్యూటరులో చూస్తూ ఒక సాయంకాలమంతా గడిపాను. తాటాకు మీద గంటంతో వ్రాసి మసి పూసిన అక్షరాలు చూసిన కళ్ళకు ఆ వైభవం వింతగా ఉన్నది. వుల్ఫిల అంటే చిన్న తోడేలు. అందులోని వుల్ఫ్ అనే మాటా, మన సంస్కృతంలోని వృక శబ్దమూ ఒకే మూలం నుండి వచ్చినవి.

అలరిక్ అనేది లాటిన్ ద్వారా మనకు చేరిన రూపం. గోతిక్‌లో అది అలరీక్స్ అయి ఉండాలని పండితుల నిర్ణయం. అందులో రెండు పదాలున్నాయి. అల అంటే సమస్తమూ. ఆంగ్లంలోని ఆల్ దానికి చుట్టమే. రీక్స్ అంటే పాలకుడు, ప్రభువు. కలిపితే అందరికీ ప్రభువైనవాడు. ఫ్రెడ్రిక్, హెన్రీ, ఎరిక్, రిచర్డ్ అన్న పేర్లన్నిటిలోనూ ఈ రీక్స్ దాగి ఉన్నది.

ఇక్కడ నాకు కుతూహలం పెరిగింది. లాటిన్‌లో రాజును రేక్స్ అంటారు. ప్రాచీన కెల్టిక్ భాషలో రీక్స్. మనకు రాజ్ ధాతువు, రాజన్ శబ్దం. అన్నీ ఒకే ఇంటి పిల్లలు. మూలభాషలోని ఏకారం లాటిన్‌లో నిలిచింది, సంస్కృతంలో ఆకారమైంది, కెల్టిక్‌లో ఈకారమైంది. గోతిక్‌లో మాత్రం ఏకారం మారకుండా ఉండవలసింది. కాని ఉన్నది ఈకారం! అంటే ఈ మాట గోతుల సొంతం కాదు. చరిత్రకు అందని కాలంలో ఆ జాతుల పూర్వీకులు పొరుగున ఉన్న కెల్టులను చూసి ఎరువు తెచ్చుకున్నది. జర్మానిక్ భాషలలో గకారం కకారంగా మారే మార్పు ఉంది, దానిని సూత్రీకరించి ప్రసిద్ధం చేసినవాడు 1822లో యాకోబ్ గ్రిమ్. మూలంలోని గకారం ఈ మాటలో కకారమైంది కనుక, ఎరువు ఆ మార్పుకు ముందే జరిగిందని కూడా తెలుస్తుంది. ఒక్క అచ్చునూ ఒక్క హల్లునూ పట్టుకొని వేల ఏళ్ళనాటి ఇరుగుపొరుగు సంబంధాన్ని బయటపెట్టారు. వ్యాకరణం ఎందుకు పనికివస్తుందని తరగతిలో అడిగిన పిల్లలందరినీ పిలిచి ఈ సంగతి చెప్పాలనిపించింది.

మనమూ చేసింది అదే కదా! తెలుగు ద్రావిడభాష. ఆ సంగతిని ఎల్లిస్ దొర 1816లోనే, క్యాంబెల్ తెలుగు వ్యాకరణానికి వ్రాసిన పీఠికలో నిరూపించాడు. రాజు, రాయలు, రావు అన్నీ సంస్కృతప్రాకృతాల నుండి మనం తెచ్చుకున్నవి. సొంతమాట ఱేడు. బండిఱతో వ్రాయవలసిన ఆ మాట తమిళంలోని ఇఱై అనే మాటకు బంధువు. పిల్లలు ఱేడు అంటే ఇప్పుడు ఏ ఇస్పేటు ఱేడో అనుకుంటారు. ప్రభువును పిలవడానికి గోతులకూ పొరుగువారి మాటే ఘనంగా తోచింది, మనకూ అంతే.

ఈ పేరును సంస్కృతంలోకి మారిస్తే ఏమవుతుందని ఆలోచించాను. విశ్వ శబ్దానికి రాజ్ చేరితే, ప్రథమావిభక్తి ఏకవచనంలో రూపం విశ్వరాట్ కాదు, విశ్వారాట్. రాట్ అన్న రూపం వచ్చిన చోట మాత్రమే విశ్వలోని చివరి అకారానికి దీర్ఘం వస్తుంది. ద్వివచనంలో మళ్ళీ విశ్వరాజౌ అని హ్రస్వమే. పాణిని దీనికోసం ప్రత్యేకంగా ఒక సూత్రం చేశాడు. చదువుకునే రోజులలో ఈ రూపం తప్పు వ్రాసి గురువుగారిచేత చీవాట్లు తిన్నాను. యాభై ఏళ్ళ తరువాత అది మా ఇంట్లో పిల్లవాడై పుట్టింది.

అయితే ఒక హెచ్చరిక. మనలో కొందరికి ప్రపంచంలోని ప్రతి మాటనూ సంస్కృతానికో తెలుగుకో కట్టబెట్టే అలవాటు ఉన్నది. ఒక మిత్రుడు ఈ పేరు విని "ఇంకేం, అల ఋక్! ఋగ్వేదమే!" అన్నాడు. ఋక్కుకు దీనితో ఏ సంబంధమూ లేదు. మా ఆవిడ బిడ్డను మొదటినుండీ "అలరూ" అని పిలుస్తున్నది. అలరు అంటే పువ్వు, అలరడమంటే వికసించడం, సంతోషించడం. ఎంత చక్కగా అతికిందో! కాని అదీ కాకతాళీయమే. చెవికి దగ్గరగా వినిపించే అలరు ఈ పేరుకు ఏమీ కాదు. ఎక్కడా పోలిక కనిపించని రాజు మాత్రం రక్తసంబంధి. చుట్టరికాలు చెవితో తేలవు.

ఇక పేరు మోసిన ఆ అలరిక్ సంగతి. విసిగోతులకు రాజు. 408లో రోమును ముట్టడించి, వెళ్ళిపోవడానికి పరిహారం అడిగాడు. జోసిమస్ అనే చరిత్రకారుడు ఆ పట్టిక ఇచ్చాడు: 5,000 పౌనుల బంగారం, 30,000 పౌనుల వెండి, 4,000 పట్టు అంగీలు, 3,000 ఎర్రరంగు తోళ్ళు, ఆపైన 3,000 పౌనుల మిరియాలు. ఆనాటి పౌను మన మూడింట ఒక కిలో లోపు. అంటే మిరియాలే దాదాపు వెయ్యి కిలోలు. ఆ మిరియాలు ఎక్కడివి? దక్షిణ భారతం నుండి, ముఖ్యంగా మలబారు తీరం నుండి ఓడలలో వెళ్ళినవి. బంగారంతో సమానంగా మన మిరియాలను అడిగి పుచ్చుకున్నాడని చదివేసరికి, ఏమిటో, అతని మీద నా కోపం కొంత తగ్గింది. ఇది న్యాయం కాదని నాకూ తెలుసు.

బేరాలు కుదరక 410 ఆగస్టు 24న అతని సేన రోములో ప్రవేశించి మూడు రోజులు దోచింది. ఆ మహానగరం శత్రువుల చేత చిక్కడం ఇంచుమించు ఎనిమిది వందల ఏళ్ళ తరువాత అదే. అయితే ముఖ్యమైన చర్చిలలో తలదాచుకున్నవారిని ముట్టవద్దని ఆజ్ఞాపించాడట. ఆ సంవత్సరమే దక్షిణ ఇటలీలోని కొసెంజా దగ్గర జబ్బుచేసి మరణించాడు. బుసెంటో నదిని పక్కకు మళ్ళించి, నదీగర్భంలో నిధులతో సహా పాతిపెట్టి, తిరిగి నీరు పారించారనీ, ఆ పని చేసిన బందీలను చోటు తెలియకుండా చంపివేశారనీ 6వ శతాబ్దపు జోర్డానెస్ వ్రాశాడు. ఆ సమాధి నేటికీ దొరకలేదు.

నన్ను ఎక్కువగా పట్టి నిలిపినది మరొక సంగతి. ఒక శతాబ్దం గడవకముందే అదే వంశంలో రెండవ అలరిక్ రాజయ్యాడు. 506లో రోమను చట్టాల సంగ్రహం ఒకటి వెలువరించాడు. అతని తాత మొదటి తియొడరిక్, తొలి అలరిక్‌కు అల్లుడని చరిత్రకారులలో పలువురి అభిప్రాయం. అదే నిజమైతే పేరు కూతురి ద్వారా మునిమనుమడికి దిగివచ్చింది. మొరటువారని మనం అనుకునే గోతుల ఇంట్లో కూడా ఆడపిల్ల వైపు పేరు నిలిచింది! ఈ వాక్యం చదివి, కుర్చీలోంచి లేచి గదిలో నాలుగుసార్లు తిరిగాను.

పద్దెనిమిదవ నాడు నేనే ఫోను చేశాను. అల్లుడు తీశాడు. అతనికి నా ఆంగ్లం, నాకు అతని ఆంగ్లం సగం సగం అర్థమవుతాయి. నేర్చుకున్నదంతా ఏకరువు పెట్టాను: గోతిక్, కెల్టిక్, రాజన్, విశ్వారాట్. అతను ఓపికగా విన్నాడు. చివరికి "అవన్నీ నాకు తెలియవు. అది మా తాత పేరు" అన్నాడు.

ఆయన వడ్రంగి. తండ్రి లేని ఈ అబ్బాయిని పెంచినది ఆయనే. చిత్రిక పట్టడం నేర్పాడట. వాళ్ళ వంటింట్లో ఇప్పటికీ ఆయన చేసిన బల్ల మీదనే భోజనం. అమ్మాయి బాలింతగా ఉన్న గదిలో ఊయల కూడా ఆయన చేసినదే. దానిమీద పేరు చెక్కి ఉన్నది. తన పేరే, మునిమనుమడికి పడుకోవడానికి.

నేను ఫోనులో "మంచి పేరు బాబూ" అన్నాను. ఇంకేమీ తోచలేదు. తరువాత అమ్మాయి ఫోను అందుకొని "నాన్నా, కృత్తిక మొదటి పాదం అట. అమ్మ పంచాంగం చూసి చెప్పింది. అకారమే వచ్చింది చూశారా?" అన్నది. మా ఆవిడ ఈ పదిహేడు రోజులూ నాకు తెలియకుండా మాట్లాడుతూనే ఉన్నదన్నమాట.

మా నాన్నగారి పేరు వాడికి రెండవ పేరుగా నమోదై ఉన్నదని మరుసటి నెలలో జనన ధ్రువపత్రం నకలు చూసినప్పుడు తెలిసింది. ఎందుకు చెప్పలేదని అడిగాను. "మీరు చెప్పనిచ్చారా?" అన్నది.

జర్మనులు ఈ పేరును అలరిక్ అనరు. చివరి ధ్వని కకారం కాదు, ఖకారం కాదు, శకారమూ కాదు. తాలుస్థానమే, శకారానికి దగ్గర, కాని నాలుకను ఇంకొంచెం పైకెత్తి గాలిని వదలాలి. మన వర్ణమాలలో దానికి అక్షరం లేదు. ఉచ్చారణ దోషాలకు పిల్లల చేత వందసార్లు పలికించినవాణ్ణి నేను. ఇప్పుడు ప్రతి ఆదివారం వీడియోలో నాలుగేళ్ళవాడు నా నోటివంక తదేకంగా చూస్తూ, "కాదు తాతా, మళ్ళీ అను" అంటున్నాడు.